కుర్చీకి కట్టిన రిబ్బన్లు

వెర్నా పట్టపగలే ఇంటికి వచ్చేసింది. చంకలో కుర్చీ మీద వేసుకునే దిండు. దిండుకి గులాబీరంగు కాగితపు రిబ్బన్లు వేలాడుతున్నాయి.

అప్పటికి మేమంతా వెర్నా తల్లి ఆగ్నెస్ వంటింట్లోనే ఉన్నాం. నేను కిందివాటాలోంచి దాల్చినచెక్క కేకు చేసి పట్టుకొచ్చాను. రేడియోలో ఆ మాట విన్నాక చేతులు ఊరుకుంటాయా మరి! హోబర్ట్ లిండ్ అంటే షికాగోలో పొద్దున్నే కాఫీ పెట్టుకునే ప్రతి ఆడదానికీ తెలిసిన గొంతు. ఆ పెద్దమనిషి ఇవాళ తన ‘కాఫీ వేళ’ కార్యక్రమం మధ్యలో టెలిఫోన్ ఎత్తి, లార్క్‌మోర్ హోటల్ టెలిఫోన్ స్విచ్‌బోర్డుకి ఫోన్ చేసి, అక్కడ కూర్చున్న మా వెర్నాని పెళ్లి చేసుకుంటావా అని అడిగాడు. అవతలి గొంతు రేడియోలో రాదు. మాకు ఇతని మాటలే వినిపించాయి. కాసేపు గమ్మున ఉండి, “ఒప్పుకుందండోయ్!” అని అరిచాడు. రేడియో హాల్లో జనం చప్పట్లు. ఆర్గన్ మీద పెళ్లిపాట. ఆగ్నెస్ స్టవ్ పక్కనే కూలబడి ఏడ్చేసింది, సంతోషం పట్టలేక.

“రా నా తల్లీ, రా!” అంటూ ఇప్పుడు చేతులు చాపింది.

వెర్నా ఆ చేతుల్లోకి వెళ్లలేదు. దిండు తెచ్చి బల్లమీద నా కేకు పక్కన పెట్టింది. కోటైనా విప్పలేదు.

“రేడియో విన్నారా?”

“వినకేం! మెట్లమీద ఎవరెదురైనా అదే మాట. చర్చి ఫాదర్ కూడా కబురంపారు. కూర్చోవే, ముందు కాస్త కాఫీ తాగు.”

“నేనేమన్నానో విన్నారా?”

“నువ్వన్నది మాకెలా వినిపిస్తుందే? అతను చెప్పాడుగా.”

“నేను ఒప్పుకోలేదమ్మా.”

వెర్నా తమ్ముడు ఎమ్మెట్ కిటికీ దగ్గర సిగరెట్ కాలుస్తున్నాడు. పకపకా నవ్వాడు. “ఇదేం సిగ్గే బాబూ, ఇంట్లోవాళ్ల దగ్గర కూడా!”

“అక్కడ బోర్డు దగ్గర పిల్లలూ ఇలాగే నవ్వారు,” అంది వెర్నా. “కాదు కాదు అని మొత్తుకుంటుంటే, సిగ్గుపడుతోంది చూడండే అని నవ్వారు.”

ఎమ్మెట్ నవ్వు ఆగిపోయింది. నేను కేకు కోయబోతూ చాకు కింద పెట్టేశాను.

“మరి ఏమన్నావు?” అడిగింది ఆగ్నెస్.

“‘లార్క్‌మోర్ హోటల్, ఎవరికి కలపమంటారు?’ అన్నాను. పెళ్లి అన్నాడు. ‘ఎవరికి కలపమంటారు?’ అన్నాను మళ్లీ. వెనకాల మిస్ రస్క్ నిలబడి ఉంది. ఇంకా ఏదో మాట్లాడుతుంటే తీగ లాగేసి లైన్ తెంపేశాను. అంతే. అతను పిచ్చి వేషాలు వేస్తున్నాడనుకున్నాను గానీ, ఊరంతా వింటోందని నాకేం తెలుసు?”

“కాదు అని ఒక్క ముక్క అనెయ్యలేకపోయావా?” అన్నాడు ఎమ్మెట్.

“బోర్డు ముందు కార్డుమీద రాసిన మాటలు తప్ప ఇంకో మాట అనకూడదని నీకు తెలీదూ? సొంతమాట ఒక్కటి మాట్లాడితే ఆ పూటే ఇంటికి పంపిస్తారు. అలా ఎంతమందిని పంపారో నేను చూశాను. ఉద్యోగం పోకూడదని నోరు మూసుకున్నాను ఎమ్మెట్. ఇప్పుడు ఉద్యోగమే పోయింది.”

అప్పటికి నాకు ఆ రిబ్బన్లేమిటో అర్థమైంది. లార్క్‌మోర్‌లో పెళ్లైన ఆడది బోర్డు ముందు కూర్చోకూడదు. పెళ్లి కుదిరిందని తెలిస్తే చాలు, అదే ఆఖరి రోజు. ఆ రోజు తోటి పిల్లలు ఆమె కుర్చీకి రిబ్బన్లు కడతారు. చుట్టూ చేరి పాట పాడతారు. రిబ్బన్లతో సహా కుర్చీలోని దిండు చేతికిచ్చి, బుగ్గమీద ముద్దుపెట్టి, వీధి తలుపుదాకా సాగనంపుతారు. అంతా ప్రేమతోనే. మెడపట్టి గెంటితే ఎదురు తిరగొచ్చు. ముద్దులు పెట్టి పంపిస్తుంటే ఎవరిమీద తిరగబడాలి? రిబ్బన్లు కట్టాక తిరిగొచ్చి ఆ కుర్చీలో కూర్చున్న పిల్ల ఇంతవరకూ లేదు.

పైగా ఆపరేటర్లందరి మీదా పెద్ద అయిన మిస్ రస్క్ ఈస్టర్‌కి ఉద్యోగం విరమిస్తోంది. ఆ పెద్ద కుర్చీ వెర్నాదేనని అందరూ అనుకుంటున్నారు. వాళ్ల నాన్న పోయినప్పటి నుంచీ ఆ కుర్చీ కోసమే వెర్నా పండగలూ సెలవులూ మానుకుని పనిచేసింది. నాకు తెలుసు. నేను చూస్తూనే ఉన్నాను.

“పోతే పోయిందిలే,” అంది ఆగ్నెస్. అని కేకు కోయడం మొదలుపెట్టింది.

“పోతే పోయిందా?”

“ముప్పై దాటాయి నీకు. అతను బంగారంలాంటి పిల్లాడు. నిన్ను చూస్తే మొహం వెలిగిపోతుంది. ఇంకేం కావాలే నీకు? ఆ తీగలే నీకు మొగుడా?”

“ఆ తీగలే ఈ ఇంటికి అన్నం పెట్టాయమ్మా.”

ఆగ్నెస్ చాకు పక్కన పెట్టింది. ఇంటిపక్క ఎత్తు వంతెన మీద రైలు పోయింది. గిన్నెలన్నీ గలగలలాడాయి.

*

మధ్యాహ్నం దాటాక మిస్ రస్క్ స్వయంగా వచ్చింది. సన్నగా, నిటారుగా, నల్ల కోటులో. ఆవిడ ఎవరింటికీ వెళ్లదంటారు. ఆవిణ్ని చూడగానే వెర్నా లేచి నిలబడింది, బడిలో పిల్ల నిలబడ్డట్టు.

“మిస్ రస్క్, నేను ఒప్పుకోలేదు. మీరు వెనకాలే ఉన్నారు.”

“ఉన్నాను. విన్నాను. ఆ మాట మేనేజర్‌తో చెప్పాను కూడా.”

“ఏమన్నారు?”

“పొద్దుట్నుంచీ హోటల్‌కి ఒకటే ఫోన్లు. పెళ్లికూతురికి అభినందనలు చెప్పమని. ఇప్పుడు నిన్ను మళ్లీ కూర్చోబెడితే, హోటల్‌వాళ్లు పెళ్లి చెడగొట్టారంటారు జనం. నువ్వు ఒప్పుకోలేదని నేను చెబితే ఎవరు నమ్ముతారు, నువ్వు చెబితే ఎవరు నమ్ముతారు అన్నారు. ఆ అబ్బాయే, అదే రేడియోలో, అబద్ధం చెప్పానని ఒప్పుకుంటే రేపే వచ్చి కూర్చోమను అన్నారు. లేకపోతే ఆ కుర్చీలోకి రేపు ఇంకో పిల్లని తీసుకుంటారు. నేను ఇంతకంటే ఏం చెయ్యలేకపోయానమ్మా.”

“ఏం చెయ్యక్కర్లేదు,” అంది ఆగ్నెస్ గిన్నె తోముతూ. “దాన్ని కూడా మీలా చేద్దామనా?”

“అమ్మా!”

“అనొద్దా? ఒంటిగది, ఒంటికంచం. క్రిస్మస్‌నాడు పలకరించే దిక్కు ఉండదు.”

మిస్ రస్క్‌కి కోపం రాలేదు. చేతి తొడుగులు తొడుక్కుంటూ అంది, “నిజమేనండీ. కానీ నా గది అద్దె నేనే కట్టుకుంటాను. దీపం ఎప్పుడు ఆర్పాలో నన్ను ఎవరూ అడగరు. మీరనుకున్నంత ఘోరంగా ఏం లేదు.”

గుమ్మం దగ్గర వెర్నా చెయ్యి పట్టుకుంది. “రేపు మధ్యాహ్నం డ్యూటీదాకా ఆ కుర్చీ ఖాళీగానే ఉంచుతాను. ఆ తర్వాత నా చేతిలో లేదు.”

ఆవిడ మెట్లు దిగుతున్న చప్పుడు పూర్తిగా వినబడకుండా పోయేదాకా వెర్నా అక్కడే నిలబడింది.

*

సాయంత్రం హోబర్ట్ వచ్చాడు. చేతుల్లో పట్టనన్ని పూలు. మొహం నిండా నవ్వు. మా మెట్లమీద పిల్లలు చప్పట్లు కొడుతుంటే వాళ్లకి టోపీ తీసి వంగి దండం పెడుతూ ఎక్కాడు. నన్ను వెళ్లిపోమని ఎవరూ అనలేదు. నేనూ కదల్లేదు. అంత ఆదుర్దాలో కింద నా వంటింట్లో ఒంటరిగా ఎలా కూర్చోను?

“ఏమిటండీ ఈ నిశ్శబ్దం? ఎవరైనా పోయారా?” అన్నాడు వస్తూనే.

“నేనేమన్నాను హోబీ?” అంది వెర్నా.

అతని నవ్వు కొంచెం సడలింది. పూలు ఎక్కడ పెట్టాలో తెలియక చూశాడు. నేనే అందుకున్నాను.

“నువ్వు... లైన్ తెగిపోయింది. చేతిలో మైకుంది. ఎదురుగా హాలు నిండా ఆడవాళ్లు ఊపిరి బిగబట్టి చూస్తున్నారు. ఏం చెప్పమంటావు? ఫోన్ పెట్టేసిందండీ అనమంటావా?”

“అవును. అదే జరిగింది కాబట్టి.”

“తర్వాత ఎలాగూ ఒప్పుకుంటావు కదా అనుకున్నాను.”

“ఇంతకుముందు నువ్వు అడిగినప్పుడు నేనేమన్నాను? సరస్సు ఒడ్డున అడిగావు. డాన్సుహాల్లో అడిగావు. ఏమన్నాను?”

“కాదన్నావు.”

“ఎందుకన్నాను?”

“ఉద్యోగం అన్నావు.” అతను బల్ల దగ్గర కూర్చున్నాడు. “కానీ వెర్నా, నన్ను చూసి నవ్వుతావు. నాతో డాన్స్ చేస్తావు. నేనంటే ఇష్టం లేదని ఒక్కసారి కూడా అనలేదు. నలుగురి ముందు అడిగితే కాదనలేవనుకున్నాను. సరదాగా ఉంటుందనుకున్నాను. నీకు సంతోషంగా ఉంటుందనుకున్నాను. ఒట్టు.”

అతను అబద్ధం ఆడటం లేదు. అదే నాకు ఎక్కువ బాధనిపించింది. అతనికి ఆమె అంటే నిజంగానే ప్రాణం. ఆ ప్రాణంతోనే ఇంత పనీ చేశాడు.

“ఇష్టమే,” అంది వెర్నా మెల్లగా. “ఇష్టం లేదని ఎప్పుడన్నాను? నాకు ఇష్టమైనవి రెండున్నాయి. రెండోదాన్ని నన్నడక్కుండా తీసుకెళ్లి పారేశావు.”

“నేను పోషించలేనా నిన్ను?”

“అడిగింది అది కాదు. రేపు పొద్దున రేడియోలో నిజం చెప్పు. ఆమె ఒప్పుకోలేదు, నేనే కల్పించి చెప్పానని చెప్పు. చెబితే నా కుర్చీ నాకొస్తుంది. ఆ తర్వాత నీతో డాన్సుకి కూడా వస్తాను.”

హోబర్ట్ మొహం పాలిపోయింది. “ఈ కార్యక్రమానికి డబ్బులిచ్చే సబ్బుల కంపెనీవాళ్లు అప్పుడే మీ ఇంటికి పెళ్లిగౌను కూడా పంపించారు. పెళ్లి మైకు ముందే చేద్దామంటున్నారు. ఇప్పుడు అబద్ధం అంటే నన్ను మళ్లీ ఆ మైకు దగ్గరికి రానిస్తారా? నాకు గొంతు తప్ప ఇంకేముంది?”

“నాకూ గొంతే ఉంది.”

అప్పుడు ఎమ్మెట్ గొంతు సవరించుకున్నాడు. “వెర్నా... సబ్బుల కంపెనీలో నాకు పని ఇస్తామన్నారు. హోబీ మాట్లాడాడు. సోమవారం నుంచి రమ్మన్నారు.” తల ఎత్తకుండా చెప్పాడు. పశువుల్ని కోసే మాంసం యార్డులో పని పోయాక అతను ఆ కిటికీ దగ్గర కూర్చుని ఎన్ని సిగరెట్లు కాల్చాడో ఇంట్లో అందరికీ తెలుసు.

వెర్నా తమ్ముడి వంక చాలాసేపు చూసింది. తర్వాత హోబర్ట్ వైపు తిరిగింది.

“ఇంకొకటి చెప్పు. ఈ వారం నాకు సాయంత్రం డ్యూటీ ఉండాలి. దాన్ని పొద్దుటికి మిస్ రస్క్ నిన్న సాయంత్రమే మార్చింది. ఆ సంగతి ఈ ఇంట్లో తప్ప ఎక్కడా చెప్పలేదు. పొద్దున ఆ లైన్ ఎత్తేది నేనేనని నీకెలా తెలిసింది?”

హోబర్ట్ కళ్లు స్టవ్ వైపు వెళ్లాయి.

ఆగ్నెస్ ఉడికిన బంగాళాదుంపలు వారుస్తోంది. ఆవిరిలో మొహం కనిపించడం లేదు.

“అమ్మా?”

“నేనే చెప్పాను.”

“డ్యూటీ మారిందనా?”

“డ్యూటీ మారిందనీ చెప్పాను, అడగమనీ చెప్పాను. మైకు ముందు అడగమన్నది నేనే.” గిన్నె కింద పెట్టి ఇటు తిరిగింది. “అలా చూడకు. నేనేం దొంగతనం చెయ్యలేదు.”

“ఉద్యోగం పోతుందని తెలుసు నీకు.”

“తెలుసు. పోవాలనే చేశాను.”

నా చేతిలోని పూలు నీళ్ల జాడీలో పెట్టబోతూ ఆగిపోయాను. అయ్యో ఆగ్నెస్, ఆ మాట మనసులోనే దాచుకోలేకపోయావా అనిపించింది.

“పోతేగానీ నువ్వు పెళ్లి చేసుకోవు,” అంటోంది ఆగ్నెస్. “మీ నాన్న పోయిన రోజు నువ్వు హోటల్‌వాళ్లిచ్చిన ఆ నల్లగౌను తొడుక్కుని డ్యూటీకి వెళ్లావు. ఆ రోజునుంచీ ఆ నల్లగౌనులోనే చూస్తున్నాను నిన్ను. నీ సంపాదన తింటూ ప్రతి ముద్దకీ సిగ్గుపడ్డాను నేను. నేను పోయాక నీకెవరున్నారే? ఎమ్మెట్ తన దారి చూసుకుంటాడు. నువ్వు ఆ రస్క్‌లా తలుపు గడియ పెట్టుకుని... నేను తల్లిని. నాకు భయం వెయ్యదా?”

“నన్ను అడగొచ్చుగా అమ్మా.”

“అడిగితే కాదంటావు.”

“అతనూ అదే అన్నాడు,” అంది వెర్నా. “మీ ఇద్దరిదీ ఒకటే మాట. కాదంటానని తెలిసి, కాదనడానికి వీల్లేకుండా చేశారు. అది ప్రేమ అంటున్నారు.”

ఆగ్నెస్ చేతిలో తుడుపుగుడ్డ నులుముతూ నిలబడింది. కన్నీళ్లు కారుతున్నా తుడుచుకోలేదు. వెర్నా మాత్రం ఏడవలేదు. ఏడిస్తే బాగుండేది. ఏడ్చే పిల్లని పట్టుకుని ఓదార్చొచ్చు.

హోబర్ట్ లేచాడు. “చెబుతాను,” అన్నాడు.

“ఏమిటి?”

“రేపు చెబుతాను. వాళ్లు నిన్ను కూడా తీసుకురమ్మన్నారు. నువ్వు రా. నీ ముందే చెబుతాను. నన్ను గెంటేస్తే గెంటెయ్యనీ.”

“నిజంగా?”

అతను తలూపాడు. ఆమె అతని కోటు కాలరు సరిచేసింది. వాళ్లిద్దరి మధ్యా ఇన్నాళ్లూ ఏముందో నాకు ఆ ఒక్క పనిలో తెలిసింది.

అతను వెళ్లాక ఎవరూ భోజనానికి కూర్చోలేదు. వెర్నా ఇస్త్రీపెట్టె వేడిచేసింది. సబ్బుల కంపెనీవాళ్లు పంపిన తెల్లగౌను పెట్టె తలుపు దగ్గర అలాగే ఉంది. ఆమె నల్లగౌను తీసి బల్లమీద పరిచింది.

*

పొద్దున నేను వెళ్లేసరికి ఆగ్నెస్ రేడియో ముందు కూర్చుని ఉంది. ఒళ్లో జపమాల. నిన్నటి కేకు అలాగే ఎండిపోయింది. ఎమ్మెట్ గడ్డం గీసుకుని, ఉన్నదాంట్లో మంచి చొక్కా వేసుకుని కూర్చున్నాడు. ఎందుకో నేను అడగలేదు.

“రాత్రంతా నాతో మాట్లాడలేదు హెడ్డీ,” అంది ఆగ్నెస్. “వెళ్లేటప్పుడు మాత్రం నా నుదుటిమీద ముద్దు పెట్టింది. చెప్పకుండా వెళ్లిపోతుందేమో అనుకున్నాను. ముద్దు పెట్టింది.”

‘కాఫీ వేళ’ మొదలైంది. హోబర్ట్ గొంతు ఎప్పట్లాగే కిలకిలలాడుతోంది. వాతావరణం మీద ఒక హాస్యం, సరస్సు గాలి మీద ఒక హాస్యం. జనం నవ్వారు. సబ్బు గురించి పాట వచ్చింది.

“ఇప్పుడు చెబుతాడు,” అన్నాను నేను.

“ఇవాళ మన మధ్యలో ఒక ప్రత్యేకమైన అతిథి ఉన్నారు,” అన్నాడు హోబర్ట్. ఒక్క క్షణం ఆగాడు. ఆ ఆగడంలో అతని ఊపిరి కూడా వినిపించింది. “నిన్న... నిన్న నేను మీకొక మాట చెప్పాను...”

మళ్లీ ఆగాడు. ఎమ్మెట్ తల వంచుకున్నాడు.

“...ఆ మాట విని మీరంతా పంపిన దీవెనలకి మా ఇద్దరి తరఫునా కృతజ్ఞతలు!”

జనం విరగబడి చప్పట్లు కొట్టారు. ఆర్గన్ మీద పెళ్లిపాట ఎత్తుకున్నారు. ఆగ్నెస్ జపమాలని పెదవులకి ఆనించుకుంది. నాకు ఒళ్లు మండిపోయింది. పిరికివాడు! రాత్రి ఆ కాలరు సరిచేసిన చెయ్యి గుర్తొచ్చింది నాకు.

“రండి, మా పెళ్లికూతుర్ని మీరే చూడండి! ఇదేమిటి, నల్లగౌనులో వచ్చేసింది? కంగారులో మర్చిపోయినట్టుంది!” జనం నవ్వులు. “ఒక్క మాట చెప్పు వెర్నా, మన శ్రోతలకి.”

పాట ఆగింది. అడుగుల చప్పుడు. మైకు దగ్గర గౌను రాసుకున్న చప్పుడు.

“నమస్కారం,” అంది వెర్నా.

షికాగోలో సగంమంది ఆ గొంతుని ఫోనులో వినే ఉంటారు, ఎవరిదో తెలియకుండా. తొణకని గొంతు. బోర్డు ముందు మాట్లాడే గొంతు.

“నా పేరు వెర్నా కెలహర్. నేను లార్క్‌మోర్ హోటల్లో టెలిఫోన్ ఆపరేటర్ని. నిన్న ఇతను నన్ను అడిగినప్పుడు నేను చెప్పింది...”

ఆగ్నెస్ చటుక్కున లేచి రేడియో కట్టేసింది.

“అమ్మా!” అరిచాడు ఎమ్మెట్.

“వద్దు,” అంది ఆగ్నెస్. రేడియోకి అడ్డంగా నిలబడింది, బిడ్డని ఎవరో లాక్కుపోతున్నట్టు దాన్ని రెండు చేతులతో పట్టుకుని. “నేను వినను. నేను వినలేను.”

కానీ కింద నా వంటింట్లో రేడియో పెట్టే వచ్చాను. గచ్చు కిందనుంచి వెర్నా గొంతు వస్తూనే ఉంది. మాటలు తెలియడం లేదు. ఎక్కడా వణకకుండా, ఎక్కడా హెచ్చకుండా వస్తోంది. తర్వాత అది ఆగిపోయింది.

చప్పట్లు రాలేదు. ఆ కార్యక్రమంలో దగ్గినా చప్పట్లు కొట్టే జనం. ఇవాళ ఒక్క చెయ్యి కూడా కదల్లేదు. కాసేపటికి ఎవరో కంగారుగా ఆర్గన్ మొదలుపెట్టారు. అదీ తప్పు పాట.

ఆగ్నెస్ మెల్లగా కుర్చీలో కూర్చుంది. “చెప్పేసింది కదూ?” అని నన్నడిగింది.

అప్పుడు మెట్లదగ్గర గోడకున్న టెలిఫోన్ మోగింది. మా అందరికీ కలిపి ఉన్నది అదొక్కటే. ఎమ్మెట్ లేచాడు. అది సబ్బుల కంపెనీ అయినా కావచ్చు, ఇక సోమవారం రావొద్దని చెప్పడానికి. మిస్ రస్క్ అయినా కావచ్చు, కుర్చీ ఖాళీగా ఉందనో, లేదనో చెప్పడానికి. అతను తలుపుదాకా వెళ్లాడు గానీ గడియ తియ్యలేదు.

“ఎత్తకురా,” అంది ఆగ్నెస్.

“ఎత్తకపోతే ఎలాగమ్మా?”

“ఎత్తకు. వెర్నాని రానీ. అది వచ్చి అదే ఎత్తుతుంది.”

ఫోన్ మోగుతూనే ఉంది. బల్లమీద దిండుకి కట్టిన రిబ్బన్లు ఆగ్నెస్ ఒక్కొక్కటే విప్పడం మొదలుపెట్టింది.